మూడు పళ్ళు, కొక్కెం, పడవ

దగ్గరికి జరగండే పిల్లలూ. నా మోకాళ్ళకు తగిలేలా కూర్చోండి. కాఫీ గిన్నెలు కింద పెట్టండి, నవ్వితే ఒలుకుతాయి. నేను మీ తాత మీద విడాకుల అర్జీ పెట్టిన సంగతి చెబుతాను.

వకీలు లేడు, కోర్టు మెట్లు లేవు. ఇదిగో, ఇక్కడే కూర్చుని, ఫోనులోనే పెట్టాను.

మీ తాత దఖీల్ ఎలాంటివాడో మన ఉనైజా ఊరంతటికీ తెలుసు. కళ్ళు మూసుకుని ఖర్జూరాన్ని వేళ్ళతో తడిమి, ఇది సుక్కరీ, ఇది బర్హీ, ఇది ఫలానావాళ్ళ తోటలో బావి పక్క చెట్టుది అని చెప్పేవాడు. ఎంత గొప్పవాడో అంత మొండివాడు. అరవై ఎనిమిదో ఏట రెండు కళ్ళకూ శుక్లాలు వచ్చాయి. ఒప్పుకుంటే కదా! ఒకరోజు వీధిలో ఆగిన నీళ్ళ ట్యాంకరుకు సలాం చెప్పి, అది బదులు పలకలేదని మూడు రోజులు అలిగాడు.

అంతవరకూ నవ్వుకున్నాను. కానీ ఆ కళ్ళతో పికప్ బండి తోలడం మానలేదు. ఓ మధ్యాహ్నం వెళ్ళి బడి గోడను గుద్దాడు. పిల్లలు ఆ గోడ దాటి పది అంగలు కూడా వెయ్యలేదు. అప్పటినుంచి నాకు అన్నం సయించలేదు.

"కళ్ళకు ఆపరేషన్ చేయించుకోవయ్యా."

"నా కళ్ళకేం? గోడే ముందుకు జరిగింది."

పక్కింటి నువైర్ రిటైరైన టీచరు. ఆవిడ ఉపాయం చెప్పింది. "విడాకుల అర్జీ ఇప్పుడు ఫోనులోనే పెట్టొచ్చు తర్ఫా. కోర్టువాళ్ళు ముందు రాజీకి పిలుస్తారు. అక్కడ నీ షరతు చెప్పు, దెబ్బకు దిగొస్తాడు."

"నాకు చదువు రాదు కదే!"

"మైకు బొమ్మ నొక్కి మాట్లాడు. అదే రాసుకుంటుంది. అయ్యాక ఆకుపచ్చ బటన్ నొక్కు."

పేజీ తెరిచి ఇచ్చి వెళ్ళింది. నా మనసులో విడాకులు లేవు తల్లీ, ఉత్త బెదిరింపే. మైకు నొక్కి, నా కష్టాలన్నీ చెప్పాను. మధ్యలో మీ తాత ఏదో అడిగాడు, నేనూ ఏదో అన్నాను. ఆకుపచ్చ బటన్ నొక్కేశాను.

వారం తిరగకుండా కోర్టువాళ్ళు ఆయనకు ఫోన్ చేశారు. అంతా విని, ఫోను పక్కన పెట్టి, నావైపు తిరిగాడు.

"తర్ఫా, నన్ను వదిలేస్తున్నావట. కాఫీకి ముందా, తర్వాతా?"

"త... తర్వాత," అన్నాను.

"అయితే ఏలకులు కాస్త ఎక్కువ వెయ్యి."

చూశారా, ఎంత గుండె దిటవో! నేను భయపెట్టాలనుకుంటే నాకే భయం పట్టుకుంది.

రాజీ కూడా ఫోనులోనే. తెర మీద చిన్నపిల్లలాంటి ఒక అధికారిణి మమ్మల్ని చూసి తెల్లబోయింది. "విడాకులకు వచ్చి ఇద్దరూ ఒకే దిండుకు ఆనుకుని కూర్చున్నారేమిటి ఖాలా?"

"ఏం చెయ్యనమ్మా, ఆయనకు చూపు లేదు, నాకు చదువు లేదు. ఇద్దరం కలిస్తేగానీ ఫోను పనిచెయ్యదు."

ఆ పిల్ల అర్జీ చదవడం మొదలుపెట్టింది. "'నా భర్త నా మాట వినడు. తర్ఫా, నా చెప్పులేవీ? నీ కాళ్ళకే ఉన్నాయి చూసుకో. ఇంత మొండివాణ్ణి భరించలేను. అంగీ తిరగేసి తొడుక్కున్నావు, ఇలా రా, సరిచేస్తాను. నాకు విడాకులు కావాలి. గడప జాగ్రత్త! రెండు ఖర్జూరాలు నోట్లో వేసుకుని వెళ్ళు, ఖాళీ కడుపుతో నీరసమొస్తుంది...'"

"అయ్యో, అదంతా కూడా రాసేసిందా!" నేను ముసుగు ఇంకాస్త ముందుకు లాక్కున్నాను.

మీ తాత నవ్వలేదు. "అమ్మాయీ, నేను ఒప్పుకుంటున్నాను," అన్నాడు.

విడాకులకే ఒప్పుకున్నాడనుకున్నాను. "దేనికయ్యా?"

"రెండు కళ్ళకూ ఆపరేషన్‌కి. గోడ జరగలేదని నాకూ తెలుసే. కత్తి అంటే భయపడ్డాను, అంతే."

నలుగురిలో ఆ మాట అనడానికి ఎంత మగతనం కావాలో మీకు పెళ్ళయ్యాక తెలుస్తుంది.

"అయితే అర్జీ వెనక్కి తీసుకోండి ఖాలా. తెర మీద రెండు బటన్లు వస్తాయి. మీరే చూసుకుని నొక్కాలి, నేను చెప్పకూడదు."

వచ్చాయి. రెండూ ఆకుపచ్చవే! ఒకటి నొక్కితే కాపురం నిలుస్తుంది. ఇంకోటి నొక్కితే నలభై మూడేళ్ళ కాపురం జడ్జి ముందుకు పోతుంది.

"కంగారు పడకు. అక్షరాలు ఎలా ఉన్నాయో చెప్పు," అన్నాడు మీ తాత.

"మొదటిదానికి ముందు గుండ్రటి ముడి, పక్కనే పైన రెండు చుక్కలు, తర్వాత ఒక కర్ర..."

"అది 'అర్జీ కొనసాగించు'! వేలు తియ్యి!"

"రెండోదానికి మూడు పళ్ళు. తర్వాత కొక్కెం. చివర పడవ."

"కొక్కేనికి చుక్క ఉందా?"

"లేదు."

"పడవకు?"

"కింద ఒకటి."

"సీన్, హా, బా. ఆ మూడక్షరాలూ కలిస్తే 'సహబ్', అంటే వెనక్కి తీసుకోవడం. నొక్కు."

నొక్కాను. తెర మీద ఆ పిల్ల కళ్ళు తుడుచుకుంది.

నెల తిరగకుండా రెండు కళ్ళకూ ఆపరేషన్ అయింది. రెండో కంటి కట్టు విప్పిన రోజు మీ తాత నన్ను తేరిపార చూసి, ఫోను చేతిలో పెట్టాడు.

"నాకు చెప్పకుండా నువ్వొక అర్జీ పెట్టావు. నీకు చెప్పకుండా నేనూ ఒకటి పెట్టాను. ఆడవాళ్ళ అక్షరాల బడిలో నీకు సీటొచ్చింది. ఆదివారం నుంచి."

"అరవై నాలుగేళ్ళదాన్నయ్యా! సంచీ తగిలించుకుని బడికి పోనా?"

"ఆ రోజు ఒక్క చుక్క తప్పు చెప్పి ఉంటే?"

ఆదివారం సంచీ తగిలించుకున్నాను.

బడికి వెళ్ళాను. మొదటి పరీక్ష కాగితం మడిచి, అబాయా మడతల్లో దాచుకుని వస్తున్నాను. కొస కాస్త బయటికి కనబడింది కాబోలు. మీ తాత వాకిట్లోంచే అరిచాడు.

"తర్ఫా! పదికి నాలుగా?"

"నీ చూపింకా మసకే. అది తొమ్మిది."

"లేదే, ఎర్ర సిరా అయితే మరీ బాగా కనిపిస్తోంది!"

ఎవర్ని అనను? ఆ కళ్ళ కోసం కోర్టుదాకా వెళ్ళింది నేనేనాయె!

ఇదంతా మనసులో పెట్టుకోండి పిల్లలూ. రేపు మీ పిల్లలకు చెప్పండి, చుక్కలన్నీ ఉన్నవి ఉన్నట్టు చెప్పండి. మార్కులు మాత్రం తొమ్మిదని చెప్పండి.