కేసులు ఆగిన మర్నాడు

ఆ ఉదయం గురుమూర్తి శెట్టి వేసుకున్న పథకం చాలా చిన్నది. తలస్నానం, మిల్లులో టెంకాయ, పది గంటలకు వచ్చే మేడం గారికి వేడివేడి ఉగ్గాని, మిరపకాయ బజ్జి. అంతే.

శింగనమల దారిలో ఉన్న ఆయన వేరుశనగ నూనె కంపెనీ పీకలదాకా అప్పుల్లో దిగబడింది. ట్రిబ్యునల్ కనికరించి, కంపెనీ కోలుకునే దారి దొరికేదాకా దాని మీదున్న కేసులన్నీ ఆపమంది. సంగతి తేల్చడానికి సుష్మిత అనే అధికారిణిని వేసింది. మిల్లులో ప్రాణం ఉందని ఆమె రాస్తే బతికిస్తారు, లేదంటే పాత ఇనుము కింద అమ్మేస్తారు. తాత పెట్టిన మిల్లు మరి! గురుమూర్తికి భయం సగం, సంబరం సగం.

ఆయన భార్య లలితమ్మ, కూలీలకూ పెడదామని ఇంట్లోని గంగాళాలు, గిన్నెలు, స్టవ్వు తెల్లారేసరికి ఆటోకెత్తించి మిల్లుకు బయలుదేరింది. కొంప ముంచింది అదే. అప్పులున్న ఇంటి నుంచి పొద్దున్నే సామాన్ల ఆటో కదిలితే, మన వైపు దానికి ఒకటే అర్థం.

టీ బంకు దగ్గర రైతు బయ్యన్న చూడనే చూశాడు. నిరుటి వేరుశనగల సొమ్ము కోసం మిల్లు మీద దావా వేసి, నిన్ననే అది ఆగిపోయి, కడుపు మండి ఉన్నాడు.

"ఓర్నాయనో! శెట్టి ఊరిడిసి పోతాండాడు!" అంటూ బాకీ రావాల్సిన వాళ్ళందరికీ ఫోన్లు కొట్టాడు.

పది కొట్టేసరికి మిల్లు ముందు ట్రాక్టర్లు, జనం, కేకలు!

"కేసులు ఆపినారు కదప్పా! ఆర్డరు ఉండాది!" గురుమూర్తి కాగితం ఊపాడు.

"కేసు యాడ ఏసినాం శెట్టీ? త్రాసు ఎత్తుకుంటాండాం, అంతే. కోర్టుకు పోవద్దన్నారు గానీ, చేతులు కట్టుకోమన్లేదు కదా!" అన్నాడు బయ్యన్న.

గోనెసంచుల వ్యాపారి లక్ష్మన్న ఫ్యాను విప్పేశాడు. ఇంకెవరో కుర్చీ ఎత్తారు, గురుమూర్తి అందులో ఉండగానే.

సరిగ్గా అప్పుడే సుష్మిత కారు దిగింది. ట్రాక్టర్లు చూసింది, జనాన్ని చూసింది. మొహం వెలిగిపోయింది.

"అబ్బ! రోజూ ఇంత రద్దీనా?"

అందరూ బిగుసుకుపోయారు. పట్టుబడితే పోలీసులే.

"తూకానికి తెస్తాండా మేడం," అన్నాడు భుజాన త్రాసుతో బయ్యన్న.

"గాలి సాలక ఇంకో ఫ్యాను బిగిస్తాండాం," అన్నాడు లక్ష్మన్న.

గురుమూర్తి ఆనందం పట్టలేకపోయాడు. "యాపారం జోరుగా ఉండాది మేడం!"

"చాలా సంతోషం. ఇంత బాగా నడిచే కంపెనీకి కేసులు ఆపడం దేనికండీ? అక్కర్లేదని ట్రిబ్యునల్‌కు రాసేస్తాను. ఎవరి కేసు వాళ్ళు నడుపుకుంటారు," అంది సుష్మిత పెన్ను తీస్తూ.

లక్ష్మన్న బయ్యన్న చెవిలో గొణిగాడు. "కేసులు తెరిస్తే మొదట తాళం ఏసేది బ్యాంకోళ్ళే గదప్పా. మనకు మట్టే!"

బయ్యన్న త్రాసు ధబాలున కింద పడేశాడు.

"వద్దు మేడం! శెట్టి నిండా మునిగినాడు! ఆ మోటారు తిరిగి ఎన్నాళ్ళయిందో దేవుడికెరుక! నేను ఈ త్రాసు ఎత్తుకోని పోతాండా, కావాలంటే జైల్లో ఏయండి!"

"అయితే మిల్లు చచ్చినట్టేనా?"

"అట్లనొద్దు తల్లీ! ఈ పంట కాయలు అరువుకు మేమే పోస్తాం. కొన్నాళ్ళు ఆ కేసులు ఆపండి సాలు!"

"ఆ ముక్క రాసి సంతకాలు పెడతారా?"

తోసుకుంటూ పెట్టారు, అందరికన్నా ముందు బయ్యన్న. గురుమూర్తి కళ్ళనీళ్ళతో మోటారు స్విచ్ వేశాడు. పాపం, అది తిరిగింది కూడా.

ఆ రోజుతో కేసులన్నీ గట్టిగా ఆగాయి. బయ్యన్న వకీలు ఫీజు ఒక్కటే ఆగలేదు.