రెట్టింపు నిర్దోషి

మనిషికి తన ప్రాణం తాను కాపాడుకునే హక్కు ఉందని చట్టం పెద్ద మనసు చేసుకుని ఒప్పుకుంది. అలా కాపాడుకున్న ప్రాణంతో తర్వాత ఏం చెయ్యాలో కూడా అదే చెప్పింది: కోర్టుకు హాజరు కావాలి.

మా వీధి దర్జీనే చూడండి. మంచి పనివాడు. ఉన్నదొకటే గుణం, ఏ బట్టలిచ్చినా "రేపు రండి" అంటాడు. ఇందులో మోసం లేదు పాపం, అన్న ప్రతిసారీ మనస్ఫూర్తిగానే అంటాడు. ఒకాయన తన పెళ్ళికి కోటు కుట్టమని గుడ్డ ఇచ్చాడు. రేపు రండి, రేపు రండి అంటుండగానే పెళ్ళి జరిగిపోయింది. పెళ్ళికొడుకు వాళ్ళన్నయ్య కోటు తొడుక్కుని, దాని చేతులు వేళ్ళు దాటి వేలాడుతుంటే ఫోటోలన్నిట్లో అలాగే నిలబడ్డాడు. మర్నాడు మిట్టమధ్యాహ్నం ఇనప రాడ్డుతో దుకాణంలోకి వచ్చాడు. మొదటి దెబ్బకి కుట్టుమిషను పోయింది. రెండో దెబ్బ దర్జీ తలకి గురిచూసి ఎత్తాడు. దర్జీ చేతికందిన గజంబద్దతో ఆ మణికట్టు మీద ఒక్కటిచ్చాడు. ఎముక విరిగింది, రాడ్డు జారింది, తల మిగిలింది.

పెళ్ళికొడుక్కి జైలు, దర్జీది ఆత్మరక్షణ కాబట్టి విడుదల అని కింది కోర్టు తేల్చేసింది. దర్జీ భార్య ఆ సాయంత్రం గుమ్మం గుమ్మానికీ వెళ్ళి "మా ఆయన్ని వదిలేశారు" అని చెప్పుకుంది. (తొందరపడింది.)

వదలడం తప్పంటూ ప్రభుత్వం పైకోర్టుకెక్కింది. అక్కడొక గొప్ప సూత్రం ఉందట. ఎవరినైనా ముందు నిర్దోషి అనే అనుకోవాలి కదా, కింది కోర్టు కూడా వదిలేశాక ఆ నమ్మకం రెట్టింపు అవుతుందట. అంటే మన దర్జీ ఇప్పుడు రెట్టింపు నిర్దోషి. వాయిదాలు కూడా ఆయనకి ఆ హోదాకి తగ్గట్టే ఇస్తున్నారు.

"వెనక గుమ్మం గుండా పారిపోవచ్చుగా?" అన్నాడు ప్రభుత్వ వకీలు.

"వెనక గుమ్మం లేదండీ."

"ఎందుకు పెట్టించుకోలేదు?"

దర్జీ తన దుకాణం గోడలు గుర్తుచేసుకునేలోపే మౌనం వహించాడని రాసుకున్నారు.

వకీలు రెండో వాదన ఇంకా గట్టిది. గొడవ తెచ్చిపెట్టుకున్నవాడికి ఆత్మరక్షణ హక్కు ఉండదు. అన్నిసార్లు "రేపు రండి" అంటే ఎంతటి శాంతమూర్తయినా రాడ్డు వెతుక్కుంటాడు. కాబట్టి మొదటి దెబ్బ దర్జీదే, కాకపోతే నోటితో కొట్టాడు. (ఇది విని హాల్లో చాలామంది తలలూపారు. అందరూ ఎక్కడో ఒకచోట బట్టలిచ్చినవాళ్ళే.)

ఇక దెబ్బ ఎంత ఉండాలన్నది తేల్చడానికి సముచిత బల నిర్ధారణాధికారిని వేశారు. ప్రాణభయం కలిగిన తర్వాత, ప్రాణం పోయేలోపు, ఆవేశపడకుండా, ఎముకకి తగలకుండా, అయినా రాడ్డు కిందపడేలా కొట్టి ఉండాల్సిందని ఆయన తేల్చాడు. గజంబద్దని కూడా స్వాధీనం చేసుకున్నాడు. దాని పొడవు కొలుద్దామంటే ఆఫీసులో ఇంకో బద్ద లేదు. దాన్ని దాంతోనే కొలిచి, సరిగ్గా సరిపోయిందని నివేదిక ఇచ్చాడు.

ఈలోగా పెళ్ళికొడుకు శిక్ష పూర్తిచేసుకుని హాయిగా బయటికొచ్చాడు. ఇద్దరు పిల్లల తండ్రయ్యాడు, కోర్టులో మాత్రం ఇప్పటికీ పెళ్ళికొడుకే. గాయపడ్డ సాక్షి కాబట్టి ప్రతి వాయిదాకీ రావాలి. ఇద్దరూ వరండాలో ఒకే బెంచీ మీద కూర్చుంటారు.

"నాకు ఈయన మీద కోపం ఎప్పుడో పోయింది, వదిలెయ్యండి సార్" అని పెళ్ళికొడుకు వకీలుని బతిమాలాడు ఒకసారి.

"మీ కోపంతో పనిలేదండీ. ఇప్పుడు కోపం ప్రభుత్వానిది" అన్నాడు వకీలు.

పెళ్ళికొడుకు వచ్చి మళ్ళీ బెంచీ మీద కూలబడ్డాడు. "నా పనే నయం మాస్టారూ. తప్పు చేశాను, లోపలికెళ్ళాను, అయిపోయింది. ఏ తప్పూ చెయ్యక ఇరుక్కున్నది మీరే. అవునూ, ఇంతకీ నా కోటు?"

"రేపు రండి" అన్నాడు దర్జీ అలవాటుకొద్దీ. అని, నాలిక్కరుచుకుని, కాస్త దూరం జరిగాడు.

దర్జీ భార్య బాధ వేరు. ఓడిపోతే అట్నుంచటే తీసుకుపోతారని ఎవరో చెప్పారు. అప్పట్నుంచీ ప్రతి వాయిదాకీ రెండు జతల బట్టలు, సబ్బు, దువ్వెన సంచిలో సర్ది ఇస్తుంది. సాయంత్రం ఆయన సంచితో సహా తిరిగొస్తాడు.

"ఏమన్నారు?"

"మళ్ళీ రమ్మన్నారు."

"లోపలేస్తే వెయ్యమనండి, వదిలేస్తే వదలమనండి" అంటూ ఒకరోజు సంచి నేలకేసి కొట్టి బావురుమంది. "ఈ సర్దడం, విప్పడం ఇక నా వల్ల కాదండీ."

దువ్వెన మంచం కిందకి పోతే దర్జీ వంగి తీశాడు.

చివరికి వాదనలు ముగిశాయి. తీర్పు రోజు భార్య కూడా వెళ్ళింది, సంచి తనే పట్టుకుంది. వకీలు వచ్చాడు. పెళ్ళికొడుకు వచ్చాడు. కేసు పిలిచారు. జడ్జిగారు ఏదో అంటే కింద కూర్చున్న గుమాస్తా లేచి, గొంతు సవరించుకుని, దర్జీ వంక చూసి చెప్పాడు.

"అయ్యగారి తీర్పు ఇంకా పూర్తి కాలేదు. రేపు రండి."

పెళ్ళికొడుకు చప్పున దర్జీ చేతుల వంక చూశాడు. దర్జీ కుడి చెయ్యి దానంతటదే పక్కకి వెళ్ళి తడుముకుంది. అక్కడేమీ లేదు. గజంబద్ద కోర్టువారి దగ్గరే భద్రంగా ఉంది.