స్థానికులకు ప్రసారం లేదు

ఒక పెద్ద అడవిలో ఒక పరిషత్తు ఉండేది. అడవిలో చెట్లు ఏటేటా తగ్గుతున్నా పరిషత్తులో సభ్యులు మాత్రం ఏటేటా పెరిగేవారు. అధ్యక్షులు ఏనుగు గారు. నిలబడే నిద్రపోగల సమర్థత వల్ల ఆయన్ని ఏకగ్రీవంగా ఎన్నుకున్నారు. పనంతా చేసేది కార్యదర్శి ముంగిస దామోదరం. ఆయన పని మొదలుపెట్టాడంటే అంతవరకూ బాగున్నదేదో పాడవబోతోందని అడవికి తెలుసు.

అప్పటికి బాగున్నది ఒక్కటే మిగిలింది. ఫుట్‌బాల్.

వాగు పక్క మైదానంలో ప్రతి ఆదివారం ఆట జరిగేది. వాగొడ్డు జట్టుకీ కొండకొమ్ము జట్టుకీ తాతల కాలం నుంచీ పడదు. అందుకే ఆట రంజుగా ఉండేది. మైదానం పక్కనే ఒక వాలు. కుందేలు నుంచి అడవిదున్న దాకా అందరూ దాని మీద కూర్చుని చూసేవారు. టికెట్ లేదు, పాసు లేదు, పెద్దల కుర్చీలు లేవు. ఇంత అరాచకం అన్ని తరాలపాటు ఎలా సాగిందో చరిత్రకారులే చెప్పాలి.

ఆ వాలు కిందే ఎలుగుబంటి నూకాలు గుహ. ఎప్పుడో వేటగాడి ఉచ్చులో పడి ఆమె ఎడమకాలు దెబ్బతింది. ఎక్కువ దూరం పోలేకపోయేది. పోవలసిన అవసరమూ లేదు, ఎందుకంటే ఆమె కూతురు పైడి వాగొడ్డు జట్టు గోల్‌కీపరు, గుహ గుమ్మంలో కూర్చుంటే గోల్‌పోస్టు ఎదురుగా కనిపించేది. పైడి బంతి పట్టుకుంటే "నా బిడ్డే అది!" అని కేక పెట్టేది. వదిలేస్తే "తిన్నదంతా ఎక్కడికి పోతోందే?" అని అరిచేది. ఈ రెండు మాటల్లో ఏదో ఒకటి చెవిన పడకపోతే పైడికి ఆడినట్టే ఉండేది కాదు.

ఒకరోజు పరిషత్తులో దామోదరం లేచాడు.

"అధ్యక్షా! పక్క అడవులన్నీ ఆటని ప్రసారం చేస్తున్నాయి. మనం ఇంకా చూస్తున్నాం. సిగ్గుచేటు!"

ఏనుగు గారు చెవులు ఊపారు. ఈగ వాలిందని ఊపారు. 'అధ్యక్షుల వారి ఆమోదం' అని రాసుకున్నారు.

వారం తిరగకుండా మైదానం చుట్టూ ముళ్ళకంచె లేచింది. కంచె ఎంత ఎత్తంటే, వాలు మీద నిలబడ్డ అడవిదున్నకి కూడా ముళ్ళు తప్ప ఏమీ కనిపించవు. లోపల కూర్చునే చోటంతా పక్షులకి కేటాయించారు. పక్షులు ఆట చూస్తాయి, బయట చెట్ల మీదున్న తమ వాళ్ళకి కూత వేస్తాయి, ఆ చెట్ల కింద కూర్చున్న వాళ్ళకి అవి ఆట చెబుతాయి.

"దీన్ని ప్రత్యక్ష ప్రసారం అంటారు" అన్నాడు దామోదరం.

"ప్రత్యక్షం అంటే ఏంటి బాబూ?" అంది నూకాలు.

"అంటే మీకు ఏదీ కనిపించనక్కర్లేదు నూకాలమ్మా."

అంతటితో ఆగినా బాగుండేది. 'పోటీ ఉంటేనే ప్రేక్షకుడు రాజు' అనే మహావాక్యం ఎవరో దామోదరానికి చెప్పారు. దాంతో ఆటని ముక్కలు చేశాడు. ఫస్టాఫ్ చిలుకలకి. సెకండాఫ్ గోరింకలకి. గోల్స్ మాత్రం విడిగా కాకులకి. చిలుకలు మద్దిచెట్టు మీద, గోరింకలు వాగుకి అవతల వెదురు పొదల్లో, కాకులు గుట్ట వెనక నేరేడుచెట్టు మీద.

నూకాలు దాచుకున్న తేనెపట్లు మూడు పక్షులకీ సమర్పించి రాజు అయింది. మొదటి ఆదివారం మద్దిచెట్టు కింద చేరింది.

"బంతి గాల్లోకి లేచింది!" అంది చిలుక. "కొండకొమ్ము కెప్టెన్ గురిచూసి తన్నాడు! పైడి ఎగిరింది! బంతి... పైడి చేతులు... ఇంతవరకే మా హక్కు."

"ఏమైందే? పట్టుకుందా?"

"పట్టుకోకపోతే అది గోల్ అవుతుంది. గోల్ అయిందో లేదో చెప్పే హక్కు కాకులది. వాళ్ళనడగండి."

నూకాలు కుంటుకుంటూ గుట్ట తిరిగి నేరేడుచెట్టు దగ్గరికి చేరేసరికి కాకి తీరిగ్గా రెక్క గోక్కుంటోంది.

"గోల్ కాలేదు."

"అయితే పట్టుకుందన్నమాట! ఎలా పట్టుకుంది? కుడిచేత్తోనా, రెండు చేతులతోనా?"

"గోల్ కానివాటి గురించి మాకు తెలీదమ్మా. అది చిలుకల విభాగం."

ఇలా మూడు ఆదివారాలు తిరిగింది నూకాలు. మూడు చెట్ల మధ్య ఆమె కాలు ఈడ్చిన దారి ఒకటి పడింది. కూతురు ఆట మాత్రం ఎక్కడా దొరకలేదు.

అప్పుడు లేచాడు ఉడుత క్రాంతి. చదువుకున్నవాడు, నిప్పులాంటివాడు. "చూసేవాడిదే ఆట!" అన్నాడు. "చూపు మా జన్మహక్కు!" అన్నాడు. "కంచెలు కూలుతాయి, కొండలు కదులుతాయి!" అని కూడా అన్నాడు. కంచె ముందు మూడు రోజులు నిరాహారదీక్ష చేశాడు. నూకాలు పక్కనే కూర్చుని, ఆకలికి అలవాటు లేని పిల్లాడని, ఎవరూ చూడనప్పుడు రేగిపళ్ళు అందించింది.

నాలుగో రోజు దామోదరం అతన్ని చర్చలకి పిలిచాడు. సాయంత్రానికి క్రాంతి మెడలో 'ప్రేక్షక ప్రతినిధి' అనే బిళ్ళతో బయటికొచ్చాడు. కంచె లోపల అతనికొక కొమ్మ కేటాయించారు.

"వ్యవస్థని లోపల్నుంచే మార్చాలి పెద్దమ్మా" అన్నాడు.

లోపల్నుంచి ఆట చాలా బాగా కనిపించేది.

ఇంతలో ఫైనల్ దగ్గర పడింది. వాగొడ్డుకీ కొండకొమ్ముకీ. పైడికి ఇదే చివరి ఆట. వచ్చే ఏడు నుంచి కుర్రకారుకి అవకాశమివ్వాలని తనే తప్పుకుంటోంది. "ఈ ఒక్కటీ చూస్తే చాలే" అని నూకాలు రోజూ అనేది.

ఒక పొద్దున చిలుక వచ్చి గుహ ముందు వాలింది.

"నూకాలమ్మా, మీ గుహే కాదు, వాగొడ్డంతా మైదానంలో ఈల వినపడేంత దగ్గర్లో ఉంది. కొత్త నిబంధన. స్థానికులకు ప్రసారం లేదు."

"ఎందుకమ్మా?"

"పక్కనే ఉన్నవాళ్ళకి కూడా ప్రసారం ఇచ్చేస్తే ఇక మైదానానికి ఎవరొస్తారు? ఆట కళ తప్పదా?"

"సరే, మైదానానికే వస్తా."

"ఎక్కడ కూర్చుంటారు? చోటంతా మాదే కదా."

నూకాలు పరిషత్తు కార్యాలయానికి వెళ్ళింది. దామోదరం పుట్టలోంచి సగం బయటికొచ్చి విన్నాడు. సగం బయటికి రావడమే ఆయన ప్రజాదర్బారు.

"చాలా సింపుల్ నూకాలమ్మా. మీరు స్థానికులు కాకుండా పోతే చాలు. కొండకొమ్ముకి మకాం మార్చండి. అక్కడ మూడు ప్రసారాలూ ఒకే చెట్టు మీద వస్తున్నాయి."

"కొండకొమ్ముకా! మా జట్టుకి కేకలెయ్యడానికి వాళ్ళ ఊళ్ళో చేరాలా?"

"ఆట కావాలా, ఆత్మాభిమానం కావాలా?"

"నా కాలు చూశావా బాబూ? అది కొండ."

"కాళ్ళ గురించి నిబంధనల్లో ఏమీ లేదమ్మా. అంటే అభ్యంతరం లేదనే కదా!"

నూకాలుకి కోపమొచ్చింది. కానీ కోపంతో ఫైనల్ కనిపించదు. నివాసం మార్పు పత్రం మీద పంజా ముద్ర వేసింది.

ఆ సంగతి వాగొడ్డంతా పాకింది. ఫైనల్ చూడాలనుకునేది నూకాలు ఒక్కతే కాదు కదా! కుందేళ్ళు, అడవిపందులు, కణుజులు, ముళ్ళపందులు, అంతా పత్రాలు నింపి పిల్లల్ని వీపునేసుకుని కొండెక్కారు. నూకాలుకి మూడు రోజులు పట్టింది. నిటారుగా ఉన్న చోట పైడి వెనక నుంచి నెట్టింది.

కొండకొమ్ము కెప్టెన్ దుప్పి భూషణం ఎదురొచ్చాడు. "ఏం పిన్నీ, ఓడిపోకముందే లొంగిపోయారా?"

"నీ కొమ్ములు చూసి రాలేదు లేరా. ప్రసారం కోసం వచ్చాం. ఆదివారం మా పైడి చేతిలో ఏడుద్దువుగాని, పక్కకి జరుగు."

ఆదివారం వచ్చింది. నూకాలు పొద్దున్నే చెట్టు కింద ముందు వరుసలో చోటు పట్టుకుంది. రెండు జట్లూ కొండ దిగి మైదానానికి వెళ్ళాయి. రెఫరీ కొంగ జాబితా తెరిచింది.

"ఏ ఊరి జట్టులో ఆ ఊరివాళ్ళే ఆడాలి. పైడి, ఎలుగుబంటి, నివాసం... కొండకొమ్ము. నువ్వు ఆ పక్కకి వెళ్ళు."

"నేను వాగొడ్డు గోల్‌కీపర్నండీ!"

"ఉండేది ఎక్కడ?"

"అమ్మ ఎక్కడుంటే అక్కడ."

"అందుకే ఆ పక్కకి వెళ్ళమంటున్నా."

పదకొండు మందీ ఆ పక్కకే వెళ్ళారు. వాగొడ్డు జట్టులో ఆడడానికి వాగొడ్డులో ఒక్క ప్రాణి మిగల్లేదు. భూషణం లెక్కపెట్టుకుని బిత్తరపోయాడు. "మేం ఇరవై రెండు మందిమయ్యాం. ఇప్పుడు ఎవర్ని ఓడించాలి?"

"ఆట రద్దు చెయ్యాలి" అంది కొంగ.

దామోదరం మండిపడ్డాడు. "రద్దా? ప్రసారం ఇస్తామని మాటిచ్చాం! ఆట జరగకపోవచ్చు. ప్రసారం జరిగి తీరాలి. ముందు ఈ ఆటగాళ్ళని బయటికి పంపండి, అడ్డంగా ఉన్నారు."

ఆటగాళ్ళు ఉసూరుమంటూ మళ్ళీ కొండెక్కారు. పైడి వచ్చి తల్లి పక్కన కూలబడి, దోసెడు ఇప్పపువ్వు నోట్లో వేసుకుంది. నూకాలు అది గమనించనే లేదు. అప్పుడే చిలుక గొంతు సవరించుకుంది.

"కిక్కిరిసిన మైదానం! ఎండ మెరుస్తోంది! గోల్ ముందు పైడి... ఈరోజు కాస్త నీరసంగా కనిపిస్తోంది."

"అమ్మా" అంది పైడి.

"ఉండవే, వినపడట్లేదు."

"అమ్మా, నేనిక్కడే ఉన్నాను."

"ష్! నువ్వు ఆడుతున్నావే!"

కాకి రెక్కలు టపటపలాడించింది. "గోల్! పైడి కాళ్ళ మధ్య నుంచి!"

"తిన్నదంతా ఎక్కడికి పోతోందే?" అని నూకాలు చెట్టుకేసి అరిచింది.

చెట్టు కిందున్న వాగొడ్డు జనమంతా తల పట్టుకున్నారు. రెండో గోల్. మూడు. సెకండాఫ్‌లో గోరింకలు తమ సత్తా చూపించుకోవాలి కదా, పైడి బంతికి భయపడి గోల్‌పోస్టు వెనక దాక్కుందని చెప్పాయి. ఐదో గోల్‌కి ఒక అడవిపంది లేచి వచ్చి పైడి ఎదురుగా నిలబడింది.

"ఐదు గోల్స్ వదిలేసి ఇక్కడ కూర్చుని పువ్వులు మేస్తున్నావా? సిగ్గులేదూ?"

"నేను ఆడలేదు బాబాయ్! ఆటే జరగలేదు!"

"చెవులారా విన్నాం. మాకు చెబుతావా?"

పైడి కళ్ళ నిండా నీళ్ళు తిరిగాయి. ఆ సంగతి ప్రసారంలో రాలేదు. కన్నీళ్ళ మీద హక్కులు ఇంకా ఎవరికీ ఇవ్వలేదు.

ముక్కు ఎగపీల్చిన చప్పుడుకి నూకాలు పక్కకి తిరిగింది. తిరిగి చూసింది. కంచె లేచినప్పటినుంచీ చెట్ల మీదికి చూసి చూసి మెడ పట్టేసిన ఆ తల్లికి కూతురు ఎదురుగా కనిపించడానికి కాసేపు పట్టింది.

"ఇక్కడే ఉన్నావేంటే?"

"ఇందాకటి నుంచీ అదే చెబుతున్నానమ్మా."

నూకాలు లేచింది. చెట్టు కొమ్మనొకసారి చూసి ఉమ్మేసింది. "ఒరేయ్ భూషణం! బంతి ఉందా?"

"ఉంది పిన్నీ."

"పదకొండు మంది అటు, పదకొండు మంది ఇటు. ఏ ఊరని ఎవడైనా అడిగితే కాలు విరగ్గొడతా. నాకు ఎలాగూ విరిగిందే, భయం లేదు."

కొండ మీద రాతిచప్టా మీద ఆట మొదలైంది. మొదట పదిమంది చెట్టు కింద నుంచి లేచి వచ్చారు. తర్వాత అందరూ వచ్చారు. పైన గోరింక బహుమతి ప్రదానం చెబుతూనే ఉంది, వినేవాళ్ళు లేరు. ఆట ముగిసే వేళ భూషణం ఒంటరిగా దూసుకొచ్చి బలమంతా పెట్టి తన్నాడు. పైడి ఎడమవైపుకి గాల్లో తేలి, ఒంటిచేత్తో బంతిని అందుకుని, రాతి మీద దొర్లి లేచింది. మోచేయి చీరుకుపోయింది. బంతి వదల్లేదు.

"నా బిడ్డే అది!"

నూకాలు కేక కొండకొమ్ము దాటి, వాగు దాటి, పరిషత్తు పుట్టలో పడింది.

మర్నాడు విచారణ. అభియోగ పత్రం చదివింది ప్రేక్షక ప్రతినిధి క్రాంతి. నూకాలు ముఖం చూడలేక కాగితం కాస్త ఎత్తి పట్టుకుని చదివాడు. పైడి మీద అభియోగం, ఫైనల్లో ఐదు గోల్స్ వదలడం. నూకాలు మీద అభియోగం, అనుమతి లేకుండా ఆట చూడటం.

"వదల్లేదు బాబూ" అంది నూకాలు. "ఒక్కటీ వదల్లేదు. ఆ చివరిది కూడా పట్టుకుంది. మీ పక్షులు చెప్పింది అబద్ధం."

"నీకెలా తెలుసు?" అన్నాడు దామోదరం.

"ఎలా తెలుసేంటి? నా రెండు కళ్ళతో చూశాను!"

"నేరం ఒప్పుకుంది. రాసుకో" అన్నాడు దామోదరం.

క్రాంతి రాసుకున్నాడు. ఏనుగు గారి మీద ఈగ వాలింది.

నీతి: ఆట చూడాలనే కోరిక ఉంటే ఉండనివ్వండి గానీ, కళ్ళున్నట్టు మాత్రం ఎక్కడా ఒప్పుకోకండి.