డైరెక్టరుగారి పర్షియా అన్నం

ఒక అధికారి ఒక్కసారి చూసివచ్చిన దేశం మీద ఆయనకు శాశ్వత హక్కులు సంక్రమిస్తాయి. ఇది ఏ చట్టంలోనూ లేదు. మా నీటి మీటర్ల శాఖలో మాత్రం అమలులో ఉంది. మా డైరెక్టరుగారు ఎప్పుడో శిక్షణ పేరుతో పర్షియా వెళ్లివచ్చారు. అప్పటినుంచి ఆ దేశపు ఎండ, గులాబీలు, తివాచీలు అన్నీ ఆయన అజమాయిషీలోకి వచ్చేశాయి. ముఖ్యంగా అన్నం.

"అక్కడి కుంకుమపువ్వు అన్నం తిన్న నోటితో ఈ అన్నం తినడం శిక్షే అనుకో," అనేవారు, క్యాంటీన్లో మారు వడ్డించుకుంటూ.

నాకు ఆయనతో పనుంది. మేముండేది ఆఫీసు క్వార్టర్సులో నాలుగో అంతస్తు. లిఫ్టు లేదు. మా అమ్మకు మోకాళ్లు అరిగిపోయాయి. మెట్లు దిగి వీధి మొహం చూసి ఏడాది దాటింది. ఈలోగా అన్నిటికంటే కింది అంతస్తులో ఒక ఇల్లు ఖాళీ అయింది. ఎవరికివ్వాలన్నా సంతకం డైరెక్టరుగారిదే. అందుకని ఒకరోజు నోరు జారాను.

"మా ఆవిడ ఆ అన్నం చేస్తుందండీ."

అబద్ధం కాదు. మా ఆవిడ ఆసుపత్రిలో మందులిచ్చే ఉద్యోగం చేస్తుంది. అక్కడి పర్షియా నర్సును బతిమాలి నేర్చుకుంది. పొడుగు బియ్యం నానబెట్టి, సగం ఉడికాక వార్చి, గిన్నె అడుగున నెయ్యిలో బంగాళాదుంప చక్రాలు పరుస్తుంది. పైన అన్నం పోగుచేసి, కుంకుమపువ్వు నానిన నీళ్లు చల్లి, మూతకు గుడ్డ చుట్టి సన్నసెగ మీద వదిలేస్తుంది. చివర్లో గిన్నెను పళ్లెంలో బోర్లిస్తే అడుగున ఉన్న దుంపలు ఎర్రగా వేగి, పెచ్చుకట్టి పైకి వస్తాయి. ఆ పెచ్చు కోసమే ఇంత తంతూ. మా ఇంట్లో దానికోసం నేనూ అమ్మా పోట్లాడుకుంటాం.

ఆదివారం డైరెక్టరుగారు డ్రైవరుతో సహా వేంచేశారు. నాలుగంతస్తులు ఎక్కి, ఊపిరాడకపోయినా గులాబీల గురించి చెబుతూనే ఉన్నారు. డ్రైవరు వంటగదిలో అమ్మ పక్కన కూర్చున్నాడు. మా ఆవిడ భోజనాల బల్ల మీదే గిన్నె బోర్లించింది. పెచ్చు ఒక్క ముక్క విరగకుండా ఊడివచ్చింది. ఆవిడ మొహం వెలిగిపోయింది.

డైరెక్టరుగారు పళ్లెంలోకి తొంగిచూశారు.

"అడుగంటించేశావేమ్మా? అక్కడ ఇలా ఉండదు. పువ్వులా మెత్తగా ఉంటుంది."

"కాదండీ, అసలు ఇదే..." అని మా ఆవిడ మొదలుపెట్టింది. నేను చటుక్కున ఆవిడ కాలు తొక్కాను.

"మాడిందండీ. క్షమించాలి. ఈమధ్య ఆవిడకు పరధ్యానం ఎక్కువైంది," అన్నాను.

మా ఆవిడ నన్ను చూసిన చూపుకు ఇంకో గిన్నెడు అన్నం పెచ్చుకట్టేది. ఆ పెచ్చంతా ఎత్తి వంటగదిలోకి పట్టుకెళ్లింది.

కాసేపటికి లోపల్నుంచి కరకర మొదలైంది. డైరెక్టరుగారి కబుర్లు తివాచీల దగ్గర ఆగిపోయాయి.

"ఏం తింటున్నారోయ్ లోపల?"

"మాడిందేనండీ."

"చూద్దాం పద," అని తనిఖీకి లేచినట్టే లేచారు. డ్రైవరు కంచం అప్పటికే ఖాళీ. అమ్మ కంచంలో ఒక ముక్క మిగిలింది. "పెద్దవారు, మీకు అరగదేమో," అంటూ దాన్ని తీసి ఆయనే నోట్లో వేసుకున్నారు. ఆ తర్వాత చాలాసేపు మాట్లాడలేదు. మా శాఖ చరిత్రలో అదే మొదటిసారి.

వారం తిరక్కుండానే కింది ఇల్లు మాకిచ్చారు. అమ్మ గుమ్మంలో కుర్చీ వేసుకుని, దారినపోయేవాళ్లందర్నీ పేరుపేరునా పలకరిస్తుంటే నాకు ఏడుపొచ్చినంత పనైంది.

"చూశావా, కాలు తొక్కినందుకు ఎంత ఫలితమో," అన్నాను మా ఆవిడతో.

"తొక్కించుకున్నది నేను," అంది.

ఇంతలో ఆఫీసంతా డైరెక్టరుగారి కొత్త కథ పాకింది. పాపం వీళ్లు మాడిందని పారేయబోతుంటే ఆయనే ఆపారట. అదే అసలు సరుకని ఆయనే నేర్పారట. ఆ సరుకు రుచి చూపిస్తానని ఇద్దరు పై అధికారులను వెంటబెట్టుకుని మా కొత్త ఇంటికి వచ్చారు.

"ఏమోయ్, నేను చెప్పేదాకా మీకు తెలుసా ఆ సంగతి?" అని వాళ్ల ముందు అడిగారు.

"ఎక్కడండీ. అంతా మీ చలవే," అన్నాను.

మా ఆవిడ గిన్నె పట్టుకుని వెనకాలే నిలబడి ఉంది. వచ్చి పళ్లెంలో బోర్లించింది. మెత్తటి అన్నం జారిపడింది. ఒక్క దుంప లేదు, చిటికెడు పెచ్చు లేదు. పై అధికారులు డైరెక్టరుగారి వైపు చూశారు. డైరెక్టరుగారు నావైపు చూశారు.

"క్రితంసారి మాడ్చానని ఈయన మీకు క్షమాపణ చెప్పుకోవాల్సి వచ్చింది కదండీ," అంది మా ఆవిడ ఎంతో వినయంగా. "ఈసారి పరధ్యానం లేకుండా దగ్గరుండి దించాను. మీరు చెప్పినట్టే పువ్వులా వచ్చింది."

డైరెక్టరుగారు ఒక ముద్ద నోట్లో పెట్టుకుని కళ్లు మూసుకున్నారు.

"అచ్చం అక్కడి రుచే," అన్నారు.

పై అధికారులు తలలూపారు. వాళ్లకంటే ముందు నేనూపాను.

వంటగది తలుపు దగ్గరగా వేసి ఉంది. లోపల అమ్మా, డ్రైవరూ కరకరలాడిస్తున్నది హాల్లోకి చక్కగా వినిపిస్తోంది. అధికారులెవరికీ వినిపించినట్టు లేదు. నేను మాత్రం మంచినీళ్ల వంకతో లేవబోయాను. మా ఆవిడ నా భుజం మీద చెయ్యి వేసి కూర్చోబెట్టింది.

"మీరిక్కడే తినండి, ఆఫీసర్లతో పాటు," అని నా కంచం నిండా మెత్తటి అన్నం వడ్డించింది.