పిల్లి మీసాలపై విచారణ

రొంపిచెర్ల దగ్గరి ఓ ఊళ్లో ఒక పిల్లి వల్ల శాంతిభద్రతలకు ముప్పు వాటిల్లిందని తెలియజేయడానికి చింతిస్తున్నాము. అది బొమ్మ పిల్లి. అయితేనేం, మనోభావాలు దెబ్బతినాలంటే ప్రాణమున్న పిల్లే కావాలని నిబంధన ఎక్కడా లేదు.

ఒకటో తరగతి టీచరు కరీమున్నీసా, వానకి ఆటల్లేవని పిల్లలకు బడి టీవీలో కార్టూన్ వేసింది. పిల్లి ఎలుకను తరుముతుంది. తలుపుకు గుద్దుకుని అప్పడమవుతుంది. ఎలుక మూకుడుతో ఒక్కటిస్తే దాని తల మూకుడులా సొట్టపోతుంది. పిల్లలు పడీపడీ నవ్వారు. అంతలో భవ్య లేచి, "టీచర్, దాని మీసాలు అచ్చం మా తాతయ్యవే!" అంది.

తాతయ్యంటే మాజీ సర్పంచ్ పుల్లారావు. సాయంత్రానికల్లా ఆయన పరువుకు గాయమైంది. తెల్లారేసరికి ప్రస్తుత సర్పంచ్ సుబ్బారావు మనుషులు సెంటర్లో ఎలుక బొమ్మతో ఫ్లెక్సీ కట్టారు: 'అణగారిన వర్గాల ఆశాజ్యోతి'. పుల్లారావు మనుషులు దాన్ని చించారు. రెండు తలలు పగిలాయి, పక్షపాతం లేకుండా వర్గానికొకటి.

పుల్లారావు బడికొచ్చాడు.

"ఏందమ్మా, ఊరినేలినోణ్ణి ఎలుక చేత కొట్టిస్తావా?"

"పిల్లులన్నిటికీ మీసాలుంటాయి బాబాయ్!"

"ఆ మీసాలు వేరు, ఇయ్యి వేరు."

కరీమున్నీసాకు బదిలీ భయం పట్టుకుంది. ఎన్ని అర్జీలు పెట్టుకుంటేనో ఇంటికి దగ్గరగా దొరికిన బడి ఇది. ఇప్పుడు బదిలీ అంటే మళ్లీ మాచర్ల అవతలే.

ఇరువర్గాలతో విచారణ సంఘం వేశారు. సభ్యులు కార్టూన్‌ను 'తీవ్ర ఆవేదనతో' వీక్షించారు. నవ్వుతో కళ్లనీళ్లు తుడుచుకుంటూ, నిజానిజాలు తేలలేదని మళ్లీ మళ్లీ వేయించుకున్నారు. కిటికీ దగ్గర పొట్ట పట్టుకుని నవ్వుతున్న పుల్లారావును కరీమున్నీసా చూసింది. హమ్మయ్య అనుకుంది. ఆమె చూపు తగలగానే ఆయన మొహం గంటు పెట్టుకున్నాడు.

తీర్పు వచ్చింది. పిల్లికి మీసాలు తీసేయాలి. దెబ్బలు తినడం దాని వర్గానికి అవమానం, కనుక దెబ్బలు తీసేయాలి. పారిపోవడం ఎలుక వర్గానికి పిరికితనం అంటగడుతుంది, కనుక పరుగులు తీసేయాలి. అన్నీ పోగా గోడకు వేలాడే మూకుడు మిగిలింది. దాన్నే ఊరందరికీ ప్రదర్శించారు.

"పిల్లీ ఎలుకా ఒకే కంచంలో తినే పల్నాడును నిర్మిద్దాం!" అని పుల్లారావు గర్జించాడు. సుబ్బారావు ఆయన్ని కౌగిలించుకున్నాడు. కరీమున్నీసా ఇద్దరికీ చేతులు జోడించి క్షమాపణ చెప్పింది. బదిలీ తప్పింది.

మర్నాడు పుల్లారావు ఆమెను పక్కకు పిలిచాడు. "అమ్మాయ్, ఆ పాతది నా ఫోన్లోకి పంపు. చానా బాగుంది." మధ్యాహ్నానికి సుబ్బారావూ అడిగాడు. తలలకు కుట్లు పడ్డవాళ్లూ అడిగారు.

ఇప్పుడది ఊళ్లో పెద్దలందరి ఫోన్లలోనూ ఉంది. నిషేధం పిల్లలకు మాత్రమే. చూస్తే కొట్టుకోవడం నేర్చుకుంటారట.