పదహారు రంగుల్లో అధ్యక్షులవారు

మూతపడిన సాఫ్ట్‌వేర్‌కు తానే ప్రాణం పోస్తున్నానని మా సూరత్ తెలుగు సంఘం అధ్యక్షులు రాజనర్సు గారు విలేకరుల సమావేశంలో ప్రకటించారు. వచ్చింది ఒకే విలేకరి. అతన్ని బండి మీద ఎక్కించుకొచ్చింది నేనే. మా ఇంట్లో డిగ్రీ పాసైన మొదటివాణ్ణి కాబట్టి ఆయన ప్రెస్ నోట్లు రాసే భాగ్యం కూడా నాదే.

మా ఊళ్లోని ఖటోదరా పేటలో మగ్గాలకు చీరల డిజైన్లు తయారయ్యేది ఓ పాత సాఫ్ట్‌వేర్‌లో. దాన్ని చేసిన కంపెనీని ఎప్పుడో ఎత్తేశారు. కొత్త కంప్యూటర్ కొన్నప్పుడల్లా అది తెరుచుకోనని మొండికేస్తుంది. అప్పుడు సూరత్, భివండీ, సిరిసిల్లల్లో ఉన్న కొందరు కంప్యూటర్ సరదాపరులు టెలిగ్రామ్ గ్రూపులో మాట్లాడుకుని, ఓ అప్‌డేట్ చేసి ఉచితంగా పంచుతారు. ఇక్కడ ఆ పని విజేత అనే అమ్మాయిది. ఆమె సంఘం గదిలోని పాత కంప్యూటర్ మీద చేస్తుంది. ఆ గది తాళంచెవి అధ్యక్షులవారి జేబులో ఉంటుంది. కాబట్టి అప్‌డేట్లన్నీ ఆయన కృషే.

ఈసారి అప్‌డేట్ ఆలస్యమై మగ్గాలు ఆగిపోయాయి. మా చిన్నాయన పరుశురాం పని లేక చాయ్ బండి దగ్గరే కాలం గడుపుతున్నాడు. అప్‌డేట్ సిద్ధమైందని విజేత చెప్పగానే, కార్పొరేషన్ టికెట్ ఆశిస్తున్న అధ్యక్షులవారు అందులో తమ ఫొటో ఉండాలన్నారు. ఆమె పెట్టింది. తెరిచి చూస్తే ఆయన మెడలోని కండువా ఎదుటి పార్టీ రంగులో ఉంది.

"ఏంది బిడ్డా గిది?"

"దీనికి పదహారు రంగులే తెలుసన్నా. మన పార్టీ రంగు అండ్ల లేదు. దానికి దగ్గరున్న రంగు ఏసుకుంది."

కండువా లేని ఫొటో పెడదామని ఆమె సూచించింది.

"కండువా లేకుంటే నన్నెవలు గుర్తువడ్తరు?" అని ఆయన గదికి తాళం వేశారు. తయారైన అప్‌డేట్ లోపలే ఉండిపోయింది.

పార్టీ రంగు కాస్త మార్చమని ఆయన నగర కార్యాలయానికి వెళ్లి అడిగారు. వాళ్లు చాయ్ ఇచ్చి పంపారు. టికెట్ మాట ఎత్తితే ఇంకో చాయ్ ఇచ్చారట.

మగ్గాలవాళ్లు ఆయన ఇంటి ముందు కూర్చున్నారు. "అన్నా, నీ కండువా ఏ రంగుల ఉన్నా మాకేం ఫరక్ లేదు. జర తాళం తియ్యి" అన్నాడు చిన్నాయన.

 అధ్యక్షులవారు నన్ను లోపలికి పిలిచి, రేపటి ప్రెస్ నోట్ రాసిపెట్టమని, పార్టీ పేరున్నచోట మాత్రం కొంచెం జాగా వదలమని చెప్పారు.

మర్నాడు సంఘం హాల్లో వేదిక, పూలు, మౌస్‌కు కట్టిన రిబ్బన్. ఆయన రిబ్బన్ కత్తిరించి మౌస్ నొక్కారు. తెర మీద ఫొటో వచ్చింది. ఫొటోలోని కండువాకీ, ఆయన మెడలోని కండువాకీ రంగులో పోగంత తేడా లేదు. పక్కనే ఎదుటి పార్టీ నగర అధ్యక్షుడు చప్పట్లు కొట్టాడు. మధ్యాహ్నానికల్లా ఖటోదరాలో మగ్గాలు మోగాయి. నేను ప్రెస్ నోట్‌లోని జాగా నింపాను.

విజేత సామాను సర్దుకుంటూ, భివండీ వాళ్లు వచ్చే అప్‌డేట్‌లో మరిన్ని రంగులు కలుపుతున్నారని, అప్పుడు పాత పార్టీ కండువా కూడా సరిగ్గానే కనబడుతుందని చెప్పింది.

అధ్యక్షులవారి ముఖం వెలిగింది.

"కలపనియ్యి బిడ్డా. ఎన్నైతె అన్ని కలపనియ్యి."