పరిమళయ్య ప్రపంచయాత్ర

ఒక పెద్ద అడవిలో ఒక ముసలి పెద్దపులి రాజ్యమేలుతుండేది. ముసలిది కాబట్టి వేటాడలేదు. వేటాడలేదు కాబట్టి పరిపాలన మొదలుపెట్టింది. రోజుకొక జంతువు తనంతట తానే స్నానం చేసి, భోజనం వేళకి గుహ ముందు నిలబడాలి. దీన్ని వంతు అనేవాళ్ళు. ఎవరూ ఎదురు చెప్పలేదు సరికదా, పక్క అడవిలో ఇంత క్రమశిక్షణ ఎక్కడిదని చంకలు గుద్దుకునేవాళ్ళు.

ఆ పులికి మంత్రి ఒక పునుగుపిల్లి. పేరు పరిమళయ్య. తన ఒంటి వాసన దేవుళ్ళ పూజకి పనికొస్తుందని ఎక్కడో విన్నాడు, అప్పట్నించి ఆయన కాలు నేల మీద నిలవలేదు. చట్టం చేసేది, దానికి అర్థం చెప్పేది, ఆ అర్థం కుదరకపోతే ఇంకో అర్థం చెప్పేది అంతా ఆయనే.

ఒకసారి జంతువులన్నీ వచ్చి, "అయ్యా, బతికి బట్టకట్టడానికి ఏదో ఒక దారి ఉంచండి" అని మొరపెట్టుకున్నాయి.

పరిమళయ్య మీసాలు సవరించుకున్నాడు. "ఎందుకుంచం? కాలినడకన ప్రపంచమంతా చుట్టి వచ్చినవాళ్ళకి వంతు మాఫీ."

సభ సభంతా చప్పట్లు కొట్టింది. ఆ పని ఎవరివల్లా కాదని అందరికీ తెలుసు. అయినా దారంటూ ఒకటి పెట్టారు కదా, దయగల ప్రభుత్వమని మురిసిపోయారు.

చుక్కన్న అనే దుప్పి మాత్రం ఆ మాట నిజమనుకున్నాడు. వెర్రిబాగులవాడు. "నేనొచ్చాక నీ వంతు కూడా కాళ్ళావేళ్ళా పడి మాఫీ చేయిస్తా, అందాకా జాగ్రత్త" అని చెల్లెలికి చెప్పి బయల్దేరాడు. వాడికి వీడ్కోలు సభ జరిగింది. మాట్లాడినవాళ్ళంతా తమ గొప్పలే చెప్పుకున్నారు, దండ పరిమళయ్య మెళ్ళో పడింది. చుక్కన్న ఎప్పుడు వెళ్ళిపోయాడో ఎవరూ చూడలేదు.

ఏళ్ళు గడిచాయి. వంతుకి వెళ్ళగలిగిన పెద్ద పెద్ద జంతువులు పల్చబడ్డాయి. ఒకనాడు పులి పళ్ళు కుట్టుకుంటూ, "ఇకనుంచి చిన్న ప్రాణులకి కూడా వంతు వెయ్యండి. రేపు పునుగుపిల్లులది" అంది.

ఆ అడవిలో ఉన్నది ఒకటే పునుగుపిల్లి.

 వంతు రావడం పూర్వజన్మ సుకృతమని పరిమళయ్య ఎందరికి చెప్పాడో పాపం, ఆ సుకృతం తన దాకా వచ్చేసరికి ఇంకెవరికైనా ఇచ్చెయ్యాలనిపించింది. ఆ పూటంతా తిండి మానేసి ఆలోచించాడు. పారిపోదామంటే మంత్రిగా కాక ఇంకెలా బతకాలో తెలియదు.

మర్నాడు శుభ్రంగా స్నానం చేసి గుహ ముందుకి వెళ్ళాడు. పులి నోరు తెరిచింది.

"ప్రభూ, ఒక్క క్షణం. ప్రపంచమంటే ఏమిటో ఈ మూఢులకి తెలియదు. తమరు తప్ప వేరే ప్రపంచం ఎక్కడుంది? తల్లిదండ్రుల చుట్టూ తిరిగితే లోకం చుట్టినట్టేనని పెద్దలు చెప్పనే చెప్పారు. తమరు మా అందరికీ తండ్రి."

పులి నోరు మూసింది. ఆ మాట ఇంతకాలం ఎవరికీ ఎందుకు తట్టలేదా అనుకుంది.

పరిమళయ్య చేతులు జోడించి పులి చుట్టూ మూడు సార్లు తిరిగాడు. "కాలినడకనే ప్రభూ, గమనించారుగా" అన్నాడు. పులి ఎర్రమట్టిలో గోరు ముంచి ఆయన నుదుట బొట్టు పెట్టింది. ప్రపంచం చుట్టినవాడికి గుర్తు అది. ఆ రోజు పరిమళయ్యకి బదులు ఒక ఉడుముని పట్టుకొచ్చారు.

చట్టం ఒకరికి వంగితే మిగతావాళ్ళు ఊరుకుంటారా? తెల్లారేసరికి అడవిపంది బురదప్ప వచ్చి పులి చుట్టూ తిరిగి బొట్టు పెట్టించుకున్నాడు. వాడి వెనక వాడి సంతానం. ఆ వెనక కుందేళ్ళు, కోతులు, ముంగిసలు. గుహ ముందు వరస కట్టారు. కోతులు ఆ వరసలో ముందు చోట్లు పట్టి అరటిపళ్ళకి అమ్ముకున్నాయి.

అంతటితో ఆగితే బాగుండేది. అడవిలో ఎక్కడ విన్నా యాత్రానుభవాలే.

"తోక దగ్గర దారి మహా ఇరుకండీ. అడుగు జారితే అంతే సంగతులు" అని బురదప్ప ఉపన్యాసాలిచ్చాడు.

"మీసాల దగ్గర వేడిగాలులు. నేను కాబట్టి తట్టుకున్నా" అంది కుందేలు చెవులమ్మ. పిల్ల కుందేళ్ళు కళ్ళు పెద్దవి చేసుకుని విన్నాయి. సిగ్గూ ఎగ్గూ లేని జన్మలు.

ఇటు పులికి పస్తులు మొదలయ్యాయి. "పరిమళయ్యా, ఇవాళ వంతెవరిది?"

"ఎవరిదీ కాదు ప్రభూ. అందరూ ప్రపంచం చుట్టేశారు."

"అయితే ఆ చట్టం రద్దు చెయ్యి."

"ఎంతసేపు ప్రభూ. తమరు ప్రపంచం కారని ఒక్క మాట సభలో సెలవియ్యండి, చాలు."

 పులికి కడుపు కాలుతోంది, కానీ ఆ మాట అనడానికి నోరు రాలేదు. "పోనీలే, ఉపవాసం ఒంటికి మంచిది" అని అటు తిరిగి పడుకుంది.

పరిమళయ్యకి మాత్రం గుండెల్లో రాయి పడింది. రోజు రోజుకీ పులి చూపు ఆయన మీదే నిలబడిపోతోంది. బొట్టు లేని ప్రాణి ఒక్కటి దొరికితే చాలునని అడవంతా గాలించాడు. దొరకలేదు.

అలాంటి సమయంలో చుక్కన్న తిరిగొచ్చాడు. డొక్కలు ఎండిపోయి, గిట్టలు అరిగిపోయి ఉన్నాడు. నుదురు ఖాళీగా ఉంది. ఆ నుదురు చూసి పరిమళయ్య ప్రాణం లేచొచ్చింది. వెంటనే సభ పిలిచాడు.

"నాయనా, ప్రభువుల చుట్టూ తిరిగావా?"

"లేదండి. ప్రపంచం చుట్టూ తిరిగాను. ఎడారులు దాటాను, మంచుకొండలు ఎక్కాను. ఒక ఏరు దాటడానికి ఏడాది కాచుకున్నాను."

"అంటే తిరగలేదన్నమాట" అన్నాడు పరిమళయ్య. సభ జాలిగా తలూపింది. పాపం, అంత దూరం పోయి ప్రపంచాన్ని చూడకుండానే వచ్చాడని బురదప్ప నిట్టూర్చాడు. వంతు చుక్కన్నదేనని తేల్చేశారు.

"నా చెల్లెలేది?" అన్నాడు చుక్కన్న.

"నువ్వెళ్ళిన మరుసటి వానాకాలమే ఆవిడ వంతు వచ్చింది. చాలా క్రమశిక్షణగల పిల్ల" అన్నాడు పరిమళయ్య.

చుక్కన్న కళ్ళలో నీళ్ళు తిరిగాయి.  తర్వాత తలెత్తి పులిని చూశాడు. పులి లేవబోయి, ముందుకాళ్ళు వణికి కూలబడింది.

"నన్ను తరిమిన పులుల్ని ఎన్నో చూశాను. ఇది లేచి నిలబడలేకపోతోంది. దీనికా మీరు వంతులు కట్టేది?" అన్నాడు. "ఆ కొండ దిగితే బోలెడు పచ్చిక. వచ్చేవాళ్ళు రండి."

సభలో గుసగుసలు పుట్టాయి. చివరికి చెవులమ్మ అడిగింది, "అక్కడ మా బొట్టు చెల్లుతుందా?"

"అక్కడ బొట్టుతో పనేముంది?"

"అయితే మేం ఇంత కష్టపడి చుట్టిందంతా బూడిదలో పోసినట్టేగా" అని ఆవిడ మొహం తిప్పుకుంది. ఒక్కరూ కదల్లేదు. చుక్కన్న వెనక్కి తిరిగి, వచ్చిన దారినే నడుచుకుంటూ వెళ్ళిపోయాడు. ఆపడం ఎవరికీ చేతకాలేదు.

జంతువులన్నీ మెల్లగా ఒక్కో అడుగు వెనక్కి వేశాయి. పులి ముందు పరిమళయ్య ఒక్కడే మిగిలాడు.

"పరిమళయ్యా, ప్రపంచానికి ఆకలేస్తోంది" అంది పులి.

"ప్రభూ, నా నుదుట బొట్టు..."

"తెలుసు. చుట్టూ చూశావు. ఇక లోపల కూడా చూద్దువుగాని, దగ్గరికి రా."

ప్రభువు మాట కాదనడం అలవాటు లేని పరిమళయ్య దగ్గరికి వెళ్ళాడు. సభ దీన్ని నేరం కిందికి లెక్కకట్టలేదు. మంత్రిగారు యాత్ర ఇంకా లోతుగా కొనసాగిస్తున్నారని తీర్మానం చేసి, చప్పట్లు కొట్టి, కొత్త మంత్రిగా బురదప్పని ఎన్నుకుంది.

కాబట్టి ప్రపంచం చుట్టి రావాలనుకునేవాళ్ళు ముందుగా ప్రపంచమెవరో, ఆయన భోంచేశారో లేదో కనుక్కుని మరీ బయల్దేరాలి.